వాటం

మన భాషలో కొన్ని మాటలు వంటింట్లో ఉప్పు డబ్బాలాంటివి. రోజూ చెయ్యి పెడతాం గాని, ఎప్పుడూ ఎత్తి చూడం. "వాటం" అన్న మాట అలాంటిది. ఎడమచేతి వాటం అంటాం. ఎటు లాభముంటే అటు ఒరిగేవాణ్ణి గాలివాటం మనిషి అంటాం. అలమారలో పెట్టిన చిల్లర మాయమైతే ఎవరిదో చేతివాటం అంటాం. కత్తిపీట వాటంగా లేదని విసుక్కుంటాం, దిండు వాటంగా కుదిరితే హాయిగా నిద్రపోతాం. ఇన్ని వాటాలు మనకి తెలుసు గాని, ఆ మాటని అంగుళాల్లో కొలిచి వాడేవాళ్ళు మాత్రం ఇల్లు కట్టే మేస్త్రీలే.

మేస్త్రీని కర్నూలు జిల్లా పడమటి వైపు బేల్దారి అంటారు. ఆదోనిలోగాని, ఎమ్మిగనూరులోగాని ఒక ఇల్లు లేస్తున్నదంటే, బేల్దారి నోట రోజుకు పదిసార్లయినా వినపడే మాట, "నీళ్ళకి వాటం ఇయ్యల్ల" అని. మిద్దె మీద పడ్డ చుక్క ఎటు పోవాలి, చూరుకు కట్టిన రేకు కాలవ ఎటు వాలాలి, ఎంత వాలాలి అన్నవే ఆ వాటంలో ఉన్న ప్రశ్నలు. అంతా పావు అంగుళం, అరంగుళం లెక్క. ఆ అరంగుళంలో నీతిశాస్త్రం కూడా ఉందని నేనంటే మీరు నవ్వొచ్చు. నవ్వండి గాని, కాస్త చివరిదాకా చదివి నవ్వండి.

"అసలు ఆ ఊళ్ళలో వానేదీ, దానికి కాలవలేమిటీ?" అని కోస్తా వైపు స్నేహితురాలొకామె నన్ను దెప్పింది. నిజమే. గోదావరి జిల్లాల్లో ఏడాదికి వెయ్యి మిల్లీమీటర్లు దాటి వాన పడుతుంది. ఉమ్మడి కర్నూలు జిల్లా సగటు 670 మిల్లీమీటర్ల దరిదాపు. అందులోనూ పడమటి మండలాలకు అంత కూడా దక్కదు. అయితే ఎండు సీమలో వానకు ఒక దుర్గుణం ఉంది. ఆషాఢమంతా మొహం చాటేస్తుంది. శ్రావణంలో నాలుగు చినుకులతో సరిపెడుతుంది. ఆపైన భాద్రపదంలో ఒక సాయంత్రం, బాకీ అంతా ఒక్కసారే తీర్చేస్తానన్నట్టు కుమ్మరించి పోతుంది. 2009 అక్టోబరు మొదటి రోజుల్లో కర్నూలు పట్టణం మునగడం, మంత్రాలయంలో తుంగభద్ర ఊళ్ళోకి రావడం మనలో చాలామందికి ఇంకా కళ్ళముందే ఉంది. నిత్యం వచ్చే చుట్టానికి ఇంట్లో ఏర్పాటు ఉంటుంది. ఎప్పుడో వచ్చే చుట్టమే ఇంటిని తలకిందులు చేస్తాడు.

ఒక్క చిన్న లెక్క వేసుకుందాం. వెయ్యి చదరపు అడుగుల మిద్దె మీద ఒక సెంటీమీటరు వాన పడితే, 930 లీటర్ల నీళ్ళు పడ్డట్టు. అదే ఒక సాయంత్రం ఐదు సెంటీమీటర్లు పడిందనుకోండి, 4,600 లీటర్ల పైమాట. 15 లీటర్ల బిందెలతో కొలిస్తే 300 బిందెలు దాటుతాయి. మూడువందల బిందెల నీళ్ళు మన నెత్తిమీద నుంచి ఒకటి రెండు గంటల్లో దిగి, ఎక్కడికో పోవాలి. ఆ "ఎక్కడికో" అన్న మాటను గుర్తుపెట్టుకోండి. నా వ్యాసమంతా దాని మీదనే.

మా అవ్వ కాలంలో ఆ ఊళ్ళలో చాలామటుకు మట్టి మిద్దెలే. దూలాలు, వాటి మీద దంతెలు, ఆపైన కట్టెలో నాపరాళ్ళో పరిచి, మట్టి వేసి, అన్నిటికన్నా పైన చౌడు పోసేవారు. చౌడు మన్ను సంగతి విచిత్రం. పొలంలో చౌడు తేలితే రైతు నెత్తిన చెయ్యి పెట్టుకుంటాడు. అందులో నీళ్ళు ఇంకవు, గింజ మొలవదు. ఆ ఇంకకపోవడమే మిద్దెకు వరం. తడి తగలగానే మన్ను సన్నగా విడిపోయి సందులన్నీ పూడ్చేస్తుంది, చుక్క కిందికి దిగదు. పొలానికి శాపమైన మన్ను ఇంటికి గొడుగయింది. వానలకు ముందు ఏటా బండ్ల మీద చౌడు తోలించుకుని, మిద్దెల మీద పోసి సదురుకునేవాళ్ళు.

ఆ మట్టి మిద్దెకి కూడా వాటం కావాలి. బొత్తిగా లేకపోతే నీళ్ళు నిలిచి, ఎంత చౌడయినా ఎక్కడో ఒకచోట లొంగిపోయి ఇల్లు కారుతుంది. పోనీ, బాగా వాలుగా పెడదామంటే, నీళ్ళు పరుగెత్తి పోతూ చౌడును కూడా వెంటబెట్టుకు పోతాయి. రెండు వానలకు మిద్దె బోడిదవుతుంది. అంచేత, నీళ్ళు పోవాలి గాని మన్ను పోకూడదు. అంత నిదానంగా పోవాలి. ఇంజనీరింగు చదవని మన పెద్దవాళ్ళు కాలి కింద మన్ను తొక్కి చూసి ఆ వాలు పట్టుకునేవారు.

ఇప్పుడు మట్టి మిద్దెలు తగ్గాయి. సిమెంటు శ్లాబులు వచ్చాయి, ముందు వసారాకి రేకులు వచ్చాయి, రేకుల చూరుకు కాలవలూ, కాలవ చివర గొట్టాలూ వచ్చాయి. వీటికీ లెక్క ఉంది. శ్లాబు మీద నీళ్ళు పోవాలంటే పది అడుగులకు ఒకటి రెండు అంగుళాల వాటం ఉండాలి. చూరుకు కట్టిన కాలవకు అంత అక్కర్లేదు, పది అడుగులకు పావు అంగుళం నుంచి అరంగుళం చాలు. ముప్ఫై అడుగుల కాలవ ఉందనుకోండి, ఈ కొసకూ ఆ కొసకూ తేడా అంగుళంన్నర దాటనక్కర్లేదు. కింద నిలబడి చూస్తే మన కంటికి ఆనదు కూడా.

వాటం తక్కువైతే ఏమవుతుందో ఇల్లాళ్ళకి వేరే చెప్పనక్కర్లేదు. ఆకులు, దుమ్ము, పిచ్చుక గూటి పుల్లలు చేరి కాలవలో బురద పడుతుంది. నీళ్ళు నిలిచి దోమలు పుడతాయి, రేకు తుప్పు పడుతుంది. ఆ బరువుకు కాలవ నడుమ ఉయ్యాలలా వంగుతుంది. వంగిన కొద్దీ ఇంకా నీళ్ళు నిలుస్తాయి. ఎక్కువైతే వచ్చే చిక్కు మాత్రం చాలామందికి తట్టదు. కాలవ ఒక కొస చూరుకు బాగా కిందికి దిగిపోతుంది. పైనుంచి దూకిన నీళ్ళు దాన్ని దాటుకుని అవతల పడతాయి. పడ్డ నీళ్ళు కూడా ఒక్క పరుగున వచ్చి గొట్టం మూతి దగ్గర గుమిగూడి, పట్టక పొంగిపోతాయి.

ఇంత వరకూ అయితే "అతి సర్వత్ర వర్జయేత్" అని ఒక్క ముక్కలో తేల్చేసి, వ్యాసం ముగించి, మీరూ నేనూ కాఫీ తాగొచ్చు. బుద్ధుడి మధ్యేమార్గం మనకు తెలిసిందే. పిల్లల్ని మరీ గారం చెయ్యకూడదు, మరీ కట్టడి చెయ్యకూడదు. చేతికి ఎముక లేకుండా ఖర్చు పెట్టకూడదు, పిసినారితనమూ పనికిరాదు. మంచిమాటే. అయితే వాటం ఎంత అన్న ప్రశ్నకే మధ్యేమార్గం జవాబు చెబుతుంది. ఎటు అన్న ప్రశ్న అలాగే ఉండిపోతుంది. ఆ రెండో ప్రశ్న ఎంత పెద్దదో నాకు ఎమ్మిగనూరులో తెలిసింది.

ఎమ్మిగనూరు అంటే మగ్గం. పద్మశ్రీ మాచాని సోమప్పగారు 1938లో అక్కడ చేనేతవాళ్ళ సహకార సంఘం పెట్టాక, ఆ ఊరి దుప్పట్లూ తువ్వాళ్ళూ చాలా దూరం ప్రయాణం చేశాయి. ఇప్పుడు మగ్గాలు మునుపటిలా లేవు. అయినా మా చిన్నమ్మ వాళ్ళ వీధిలో మగ్గం చప్పుడు ఇంకా రెండు మూడిళ్ళలో వినపడుతుంది. అవి గుంట మగ్గాలు. నేలలో నడుములోతు గుంత తవ్వి, దాని అంచున కూర్చుని, కాళ్ళు గుంతలోకి వదిలి, కింద ఉన్న కర్రలు తొక్కుతూ నేస్తారు. పడుగు నేలకు జానెడు మూరెడు ఎత్తులో పరిచి ఉంటుంది. కాబట్టి నేతగాడి ఇంట్లో అన్నిటికన్నా పల్లమైన చోటు అతను కూర్చుని అన్నం సంపాదించుకునే చోటే. ఇల్లంతా పొడిగా ఉండి గుంతలోకి నాలుగు బిందెల నీళ్ళు చేరినా చాలు, మగ్గం నిలిచిపోతుంది. మామూలు తేమకే గంజి పట్టించిన పడుగు అంటుకుపోతుంది. ఇక గుంత నిండితే ఏం చెప్పాలి? నేసినదానికే కూలి. నిలిచిన రోజులకు ఎవరూ ఇవ్వరు.

కొన్నేళ్ళ క్రితం మా చిన్నమ్మ ఎదురింటాయన, ఉద్యోగం విరమించిన పెద్దమనిషి, పాత మట్టి మిద్దె తీసేసి కొత్త ఇల్లు కట్టాడు. పాత ఇంటికి నాలుగు వైపులా తూములుండేవి. వాన వస్తే పెరట్లో కొంత, పక్క సందులో కొంత, వీధిలో కొంత పడేది. కొత్త ఇంటికి ముందు వైపు పొడుగునా రేకులు వేసి, చక్కటి కాలవ కట్టి, మిద్దె నీళ్ళు కూడా అందులోకే తెచ్చి, ఒకే గొట్టంలోంచి వీధిలోకి వదిలాడు. ఆయనది పద్ధతైన మనిషి. రసమట్టం పెట్టి వాటం చూసుకున్నాడు. ఆ ఏడు భాద్రపదంలో రెండు రోజులు వాన పడింది. కాలవలో చుక్క నిలవలేదు. గొట్టంలోంచి దూకిన నీళ్ళు వీధి వాలున పోయి, పక్కింటి నేతవాళ్ళ గడప దాటి, మగ్గం గుంతలో చేరాయి.

పొద్దున్నే పంచాయితీ. చిన్నమ్మ వాళ్ళ అరుగు మీద నిలబడి నేనూ విన్నాను. నేతామె గట్టిగా అరవలేదు. ఆయనే గొంతు పెంచాడు.

"నా కాలవలో ఒక్క చుక్క నిలవదు, చూసుకో. మట్టం పెట్టి కట్టించినా."

"మీ వాటం బాగుండాది సారూ," అందామె. "మా గుంతే బాగలేదు."

"నీళ్ళు నేను పోసినానా? వాన పడె, పల్లానికి పాయె. నీళ్ళను పట్టుకుని నిలబెడుదునా?"

ఆ మాటకు ఆమె దగ్గర జవాబు లేదు. నిజానికి మన దగ్గరా చటుక్కున ఉండదు. నీరు పల్లమెరుగు, నిజం దేవుడెరుగు అని సామెత ఉండనే ఉంది. నీటికి తప్పేమిటి? అది పల్లం ఎక్కడుంటే అక్కడికి పోతుంది. కాని ఆ సామెతను కాస్త ఆగి వినండి. పల్లం నీటికి తెలుసు, సరే. ఆ పల్లం చేసినదెవరు? వాన దేవుడిది కావచ్చు. వాటం మాత్రం మనిషిదే. అరంగుళం ఎటు ఎత్తాలో, ఎటు దించాలో ఒక చెయ్యి నిర్ణయించింది.

ఇంకో సంగతి కూడా ఉంది. పాత మిద్దె మీద పడ్డ నీళ్ళు ఇంతకంటే తక్కువేం కాదు. అయితే నాలుగు వైపులా చెదిరి పడేవి కాబట్టి ఎవరి కొంపా మునగలేదు. కొత్త కాలవ వాటిని కూర్చి, కట్టగట్టి, ఒక్కచోట వదిలింది. చెదిరి పడినంతవరకూ అది వాన. కూర్చి వదిలాక అది మనం చేసిన పని. ఏ వస్తువునైనా, డబ్బుగాని, అధికారంగాని, ఆఖరికి ఇంటి చెత్తగాని, చెదురుగా ఉన్నదాన్ని ఒకచోటికి చేర్చిన క్షణం నుంచీ, అది ఎక్కడికి పోతున్నదన్న బాధ్యత చేర్చినవాళ్ళ మీద పడుతుంది. "నేను పోయలేదు, అదే పోయింది" అన్న మాట అక్కణ్ణించి చెల్లదని నాకనిపిస్తుంది.

చట్టం ఏమంటుందో తెలుసా? చూరునీళ్ళ తగాదా లోకమంత పాతది. పూర్వం రోమన్ల న్యాయశాస్త్రంలో చూరునీళ్ళు పొరుగు స్థలంలోకి వదిలే హక్కుకు ప్రత్యేకంగా ఒక పేరే ఉండేది. మన దగ్గర 1882లో ఈజ్‌మెంట్స్ చట్టం వచ్చింది. 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడేదాకా ఆదోని తాలూకా బళ్ళారి జిల్లాలో, మద్రాసు రాజధానిలో భాగం. ఆ రాజధానిలో ఈ చట్టం మొదటినుంచీ అమల్లో ఉంది. దాని ప్రకారం, ఒకరి నీళ్ళు పొరుగువాడి జాగాలోకి బాహాటంగా, అడ్డూ ఆపూ లేకుండా, హక్కుగా 20 ఏళ్ళు పోతే, ఇక పోనివ్వాల్సిందే. అదొక హక్కయిపోతుంది. ఎవరూ తవ్వి ఇవ్వకపోయినా, ఊరకే ఊరుకున్నందువల్ల పుట్టే హక్కు.

ఈ ఇరవై ఏళ్ళ మాట విన్నప్పుడు నాకు కోర్టు గుర్తుకు రాలేదు. మన ఇళ్ళు గుర్తుకొచ్చాయి.

ఏ ఇంట్లో అయినా ఒక పల్లం ఉంటుంది. ఒక్కసారి మనసులోనే మీ చుట్టాల ఇళ్ళన్నీ తిరిగి రండి. ఒక ఇంట్లో పెద్దకోడలు. ఇంకో ఇంట్లో పెళ్ళికాని ఆడపడుచు. మరో ఇంట్లో డెబ్భై ఏళ్ళ తల్లి. ఆస్పత్రిలో రాత్రి కాపలా ఎవరు? ఆమె. పండక్కి అందరూ వస్తే చివర భోంచేసేదెవరు? ఆమె. ముసలాయన మంచంలో పడితే సెలవు పెట్టేదెవరు? ఆమె. ఒకప్పుడు పదిమంది ఉన్న ఇంట్లో పది చేతుల మీద చెదిరి ఉన్న పని, ఇల్లు చిన్నదయ్యేసరికి కూడుకుని కూడుకుని ఒక గొట్టంలోకి వచ్చింది. ఎవరూ ఆమె మీద పొయ్యలేదు. ఎవరి మట్టుకు వాళ్ళు తమ మిద్దె మీద నీళ్ళు నిలవకుండా చూసుకున్నారు, అంతే. "ఆమెకు అలవాటే" అంటారు. "పాపం, ఏమీ అనదు" అంటారు. ఏ రోజైనా ఆమె "ఈసారి నావల్ల కాదు" అన్నదనుకోండి, ఇంటిల్లిపాదీ నివ్వెరపోయి అడిగే మాట, "ఇన్నాళ్ళూ లేనిది ఇప్పుడేమొచ్చింది?" అని. 1882 చట్టాన్ని చదవని వాళ్ళు కూడా అందులోని ఇరవై ఏళ్ళ క్లాజును ఎంత చక్కగా వల్లిస్తారో చూశారా!

చట్టం ఎన్నాళ్ళుగా పడుతున్నదని అడుగుతుంది. ధర్మం ఎవరి మీద పడుతున్నదని అడగాలి.

మీలో కొందరు ఇక్కడ నన్ను ఆపి, "అయితే ఇంట్లో అందరూ సమానంగా, రసమట్టం పెట్టినట్టు ఉండాలంటారా?" అని అడుగుతారు. అననండీ. బొత్తిగా వాటం లేని ఇళ్ళు కూడా చూశాను. ఎవరి పళ్ళెం వాళ్ళే కడుక్కోవాలి, ఎవరి మాత్రలు వాళ్ళే వేసుకోవాలి, ఎవరి దుఃఖం వాళ్ళదే. అంతా సమానమే. ఆ ఇంట్లో ఏదీ ఎటూ కదలదు, నిలవ నీళ్ళలా అన్నీ పాచిపడతాయి. జ్వరమొచ్చిన పిల్లవైపు తల్లి మనసు ఒరుగుతుంది. ఒరగాలి. మిగతా ఇద్దరు పిల్లలూ ఆ రాత్రి కొంచెం తక్కువ తల్లిని భరించాలి. ప్రేమ అన్నదే ఒక వాటం. కాకపోతే పిల్ల జ్వరం తగ్గాక ఆ ఒరుగు సర్దుకుంటుంది. ఎప్పటికీ ఒకరే పల్లమైన ఇంట్లో ఆ సర్దుబాటు ఉండదు. అక్కడ వాటం సిమెంటుతో బిగుసుకుపోయి ఉంటుంది.

ఎమ్మిగనూరు సంగతి మధ్యలో వదిలేశాను కదూ. పంచాయితీ తెగలేదు. ఎదురింటాయన లోపలికి పోయి తలుపేసుకున్నాడు. ఆయన భార్య మాత్రం కొంగు దోపుకుని, వీధి దాటి, నేతవాళ్ళ ఇంట్లోకి వెళ్ళింది. అంతసేపు మాటలాడిన వాళ్ళెవరూ ఆ గుంతను చూడలేదు, ఆమె చూసింది. ఒక చెంబు అందుకుని నేతామెతో పాటు నీళ్ళు తోడింది. మధ్యాహ్నానికి ఇల్లు కట్టిన బేల్దారి పెద్దాయనకి ఆమే కబురు పంపింది.

ఆ పెద్దాయన వచ్చి నిచ్చెన ఎక్కుతాడనుకున్నాం. ఎక్కలేదు. గొట్టం కింద నుంచి మొదలుపెట్టి, నీళ్ళు పోయిన దారి వెంబడే నడిచి, నేతవాళ్ళ గడప దాకా వెళ్ళి, వంగి చూసి వెనక్కొచ్చాడు. "వాటం మిద్దె మింద చూస్తే తెల్దమ్మా," అన్నాడు. "నీళ్ళు యాడ నిలుస్తాయో ఆడ చూడల్ల. నీళ్ళు పోయేకి దావ ఉండల్ల, నిలిచేకి తావు ఉండల్ల."

కాలవకు కొట్టిన పట్టీలన్నీ ఊడదీసి, దించిన కొస ఎత్తి, ఎత్తిన కొస దించి, వాటం పెరటి వైపు తిప్పారు. పెరట్లో గుంత తవ్వి రాళ్ళు, ఇసుక నింపారు. ఇంకుడు గుంతల మాట మన రాష్ట్రంలో 2000లో "నీరు-మీరు" నాటినుంచీ వింటున్నదే. 2002లో వాల్టా చట్టం కూడా వచ్చింది. అయినా ఆ పెరట్లోకి అది వచ్చింది మాత్రం ఒక చెంబుతో. ఆయన స్కూటరు పెట్టుకునే రేకుల పంచ దానికోసం పోయింది. ఆ విసుగు ఆయన చాలాకాలం పడ్డాడని చిన్నమ్మ చెప్పింది. వాటం మారిస్తే ఎవరికో ఒకరికి కొంత పోతుంది. ఏమీ పోకుండా న్యాయం జరుగుతుందని చెప్పేవాళ్ళని నేను నమ్మను.

తడిసిన పడుగు మాట? వాటం తిప్పినంతమాత్రాన అది ఆరి మంచిదవదు. ఎదురింటామె తన చీటీ డబ్బులోంచి కొంత తెచ్చి ఇవ్వబోయింది. చుట్టూ ఉన్న మేమంతా నేతామె మొగమాటపడుతుందనీ, వద్దంటుందనీ అనుకున్నాం. ఆమె లెక్కపెట్టి తీసుకుంది. "ఇది మీరు పెట్టేది కాదక్కా, మాకు రావల్సిందే" అంది. ఇద్దరి మొహాల్లోనూ ఏ చిన్నతనమూ లేదు. పోయిన పది రోజుల కూలి మాత్రం ఎవరూ ఇవ్వలేదు. ఆమె అడగలేదు కూడా. ఆ పది రోజులు ఎవరి ఖాతాలో రాయాలో నాకు ఇప్పటికీ తెలియదు.

వాటం గురించి బేల్దారులకు తెలిసిన ఇంకో ముక్క చెప్పి ముగిస్తాను. ఆదోని పేరు చెబితే పత్తి గుర్తుకొస్తుంది. జిన్నింగు మిల్లుల్లాంటి పెద్ద షెడ్లకు రేకులు చాలా పొడుగు ఉంటాయి. అంత పొడుగు కాలవను ఒకే వైపు వాలిస్తే, చివరి కొస బాగా దిగిపోతుంది, ఉన్న నీళ్ళన్నీ ఒకే గొట్టం మీద పడి పొంగుతాయి. కింద పత్తి ఉంటే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. అంచేత పొడుగు కాలవకు నడుమ ఎత్తు పెట్టి, అటు కొంత ఇటు కొంత వాలుస్తారు. రెండు కొసలా రెండు గొట్టాలు. ఒక్కొక్క గొట్టానికీ సగం బరువే. ఒక గొట్టంలో ఆకు అడ్డం పడ్డా, రెండోది కొంత ఆదుకుంటుంది. ఇందులో బ్రహ్మవిద్య లేదు. నడుమ ఒక అంగుళం ఎత్తడం, ఇంకో గొట్టం ఖర్చు పెట్టుకోవడం, అంతే. మన సంసారాలు కూడా పొడుగు కాలవలే. ఒక్క కొసన ఒక్క మనిషిని నిలబెట్టి, ఆమె పొంగినప్పుడు "ఈమధ్య నీకు కోపం ఎక్కువైంది" అనడం కంటే, రెండో వైపు ఒక గొట్టం పెట్టడం మేలు కాదూ!

రేపు వానలు మొదలవకముందే, ఒక పని చేసి చూడండి. మిద్దె ఎక్కి కాలవ ఎత్తు కొసన ఒక బక్కెట్టు నీళ్ళు పొయ్యండి. నీళ్ళు చక్కగా కదిలి, నిలవకుండా గొట్టంలోకి పోతే సంతోషించండి. కాని అక్కడితో బక్కెట్టు బోర్లించి లోపలికి వెళ్ళిపోకండి. మెట్లు దిగి, గొట్టం దగ్గరికొచ్చి, ఆ నీళ్ళ వెంబడే నడవండి. మీ ప్రహరీ దాటినా సరే, ఎక్కడ ఆగుతాయో అక్కడిదాకా. ఆ చోట ఎవరి గడప ఉందో, ఆ ఇంట్లో ఎవరు ఏ పని మీద కూర్చుని ఉన్నారో, ఒకసారి తొంగి చూసి రండి.